పద్నాలుగో పక్కటెముక

రంగు పడకముందు
నా ఓడలన్నీ తెల్లగా పుడతాయి
బ్రోనియా గారి వంటింటి బల్ల మీద.

గ్దీనియాలో నాలుగో అంతస్తు.
కిటికీ కింద ట్రాలీబస్సు తీగలు
బస్సు వెళ్ళిపోయాక కూడా కాసేపు ఊగుతాయి.
అట్ట గొట్టంలో పదకొండు కాగితాలు చుట్టి తెస్తాను.
ఆమె గీతలు చూడదు ముందు,
మూల పట్టుకుని వంచుతుంది,
"పోగు ఎటుంది?" అంటుంది
బట్టల కొట్లో అడిగినట్టు.
కాగితానికీ పోగుంటుందనీ
అది ఒక వైపే ఇష్టపడి వంగుతుందనీ
ఈ బల్ల దగ్గరే తెలిసింది నాకు.

ఈసారి చేపల ఓడ, పేరు కూలిక్.
ఇప్పుడు లేదు, ఎప్పుడో తుక్కుకి కోసేశారు.
ఓడల యార్డు పాత పటాలు దుమ్ము దులిపి
రెండొందల రెట్లు కుదించాను.
పుస్తకం అచ్చుకి వెళ్ళేలోగా
ఎవరో ఒకరు కట్టి చూడాలి,
పిల్లాడెవడో పుట్టినరోజు నాడు
కత్తెరతో ఏడవకుండా.

చాకు వీపుతో మడత గీతలు గీస్తుంది.
మొనతో కోస్తుంది.
జిగురు సీసా మూత మాత్రం తియ్యదు.
"జిగురు అబద్ధాలాడుతుంది.
పొడిగా నిలబడిందే నిజం."

వెన్నుగాడిలో ఒక్కో పక్కటెముకా దిగింది.
ఒకటి, నాలుగు, తొమ్మిది,
పదమూడు దాకా అచ్చుగుద్దినట్టు.
టీ గ్లాసులో నిమ్మ చెక్క మునిగింది.
పద్నాలుగు దగ్గర
పై తొడుగు అందలేదు.

వెంట్రుకవాసి అయితే ఊరుకునేవాణ్ణి.
అర మిల్లీమీటరు!
చెవులు వేడెక్కాయి నాకు.
యార్డు పటం తీసి బల్ల మీద పరిచాను,
స్కేలు పెట్టాను, మళ్ళీ పెట్టాను.
నా గీత తప్పు కాదు.
పటంలో ఉన్నదే గీశాను.

ఆమె కళ్ళజోడు నుదుటి మీదకి తోసుకుంది.
"అర మిల్లీమీటరు, రెండొందల రెట్లు.
పది సెంటీమీటర్లు కదూ?"
అరచెయ్యి నిలువుగా పెట్టి చూపించింది.
"ఇంత.
ఇది నాకు తెలుసు."

నల్లరంగు పూసిన చెక్క నేల అట,
ఓడ ఎంతో అంత పొడుగు.
గీతలు చెరగకుండా
ఉన్ని చెప్పులతో నడవాలి.
ఇరవై రెండేళ్ళ పిల్ల
మోకాళ్ళ మీద, చేతిలో సుద్ద.
పద్నాలుగు దగ్గర చెక్కబద్ద పడుకోలేదు,
కడుపు నొప్పి వచ్చినట్టు ఎత్తుకుంది.
మేస్త్రీతో చెప్పింది.
పటం అంటే పటమే అన్నాడు మేస్త్రీ,
అని భోజనానికి వెళ్ళాడు.

సుద్ద గీత లాగుచేత్తో తుడిచేసి
బద్ద ఎక్కడ హాయిగా పడుకుందో
అక్కడ కొత్తది గీసింది.
ఆ గీతకే ఇనుము కోశారు.
ఆఫీసులో పటం మాత్రం
తన తప్పుతో తాను గౌరవంగా బీరువాలో ఉంది.
"పాతికేళ్ళు తేలింది" అంది.
"సముద్రం నుంచి ఒక్క ఉత్తరం ముక్క రాలేదు."

ఏమనాలో తోచక
గసగసాల రొట్టె తుంచాను.
పెన్సిలు తీసుకుంది.
వేళ్ళ కణుపులు వాచి ఉన్నాయి,
గీత మాత్రం తడబడలేదు.
పద్నాలుగో పక్కటెముక నడుము
కొంచెం లోపలికి తీసింది.
కోసి దించితే
తొడుగు వచ్చి
నిద్రలో దుప్పటి లాక్కున్నట్టు కప్పుకుంది.

"పుస్తకం వెనక మీ పేరు వేస్తాను" అన్నాను.
వినిపించుకోలేదు.
ఏడో కాగితం వెలుతురుకి ఎత్తి పట్టుకుంది.

"పొగగొట్టానికి అతుకు చెవి
ఎడమవైపు పెట్టావేం?
మేస్త్రీ మీదకి నెట్టకు.
ఇది నీ తప్పే."